చేత్తో తిప్పిన రీలు

రేకు డబ్బా మూత ఊడదీయగానే కర్పూరం వాసన వచ్చింది. గణపతిరావు విస్తుపోయాడు. రైల్వే ఇన్‌స్టిట్యూట్ వెనక గదిలో, విరిగిన క్యారమ్ బల్లల కింద, చీకిపోయిన టెన్నిస్ వలల కింద ఏళ్ళ తరబడి ఎవరూ ముట్టుకోని డబ్బా అది. అందులోంచి గుడి వాసన రావడమేమిటో అతనికి అర్థం కాలేదు. ఆపరేటరు విల్‌ఫ్రెడ్ మాత్రం చటుక్కున నోట్లో బీడీ తీసి, గుమ్మం బయటికి వెళ్ళి చెప్పు కింద నలిపేసి వచ్చాడు.

"పాతకాలం ఫిల్మండీ ఇది, కర్పూరం కలిపి చేసేవారు. నిప్పురవ్వ పడితే గదితో పాటు మనమూ ఉండం," అన్నాడు.

ఇన్‌స్టిట్యూట్ స్వర్ణోత్సవం ఆ ఆదివారమే. పంతొమ్మిది వందల అరవై ఎనిమిది, నవంబరు నెల. గణపతిరావు ఉత్సవ కమిటీ కార్యదర్శి. అకౌంట్స్ ఆఫీసులో హెడ్‌క్లర్కు. బెంగాలీల ఊళ్ళోని ఆ ఆఫీసులో అంత పైకి వచ్చిన తెలుగువాళ్ళు తక్కువ. పెద్ద ఆఫీసర్లు కుటుంబాలతో వస్తున్నారు, పాటలూ నాటికా కాకుండా కొత్తగా ఏదైనా చూపించాలని అతను వెనక గది తాళం తీయించాడు. డబ్బా మీద సగం చెరిగిన ఇంగ్లీషు అక్షరాల్లో ఊరి పేరూ, పంతొమ్మిది వందల ఇరవై ఆరూ కనిపించాయి. రైల్వే కంపెనీ రోజుల్లో దొరలు తీయించిన వార్తాచిత్రం. సినిమాకి ఇంకా మాటలు రాని కాలం నాటిది.

విల్‌ఫ్రెడ్ రెండు రోజులు దానితో కూర్చున్నాడు. శనివారం శనివారం రైల్వే కుటుంబాలకు సినిమా వేసే మనిషి అతను. తల నెరిసింది గాని వేళ్ళు నెమ్మదిగా, తడబడకుండా పనిచేస్తాయి. ఫిల్మును ఎడమచేతి వేళ్ళ మధ్య నుంచి జానెడు జానెడు జారనిస్తూ, చిరిగిన చిల్లు తగిలినచోట ఆగి, అతికి, మళ్ళీ జారనిచ్చాడు. గురువారం మధ్యాహ్నం హాలు కిటికీలకు టార్పాలిన్లు కట్టి, గణపతిరావును ఒక్కణ్ణే ముందు కుర్చీలో కూర్చోబెట్టి, తను మేడమెట్లెక్కి మిషను గదిలోకి వెళ్ళాడు.

మోటారు చప్పుడు తప్ప ఇంకో చప్పుడు లేదు. తెర మీద వర్షం లాంటి గీతలు పడ్డాయి. ఆ గీతల వెనక నుంచి వర్క్‌షాపు గేటు వచ్చింది.

అదే గేటు. గణపతిరావు పుట్టినప్పటి నుంచీ చూస్తున్నదే. కాకపోతే పక్కన సైకిళ్ళ షెడ్డు లేదు, ఎదురుగా టీ దుకాణాలు లేవు, ఖాళీ నేల. గేటు తలుపులు తెరుచుకున్నాయి. జనం బయటికి వచ్చారు. ఒకరిద్దరు కాదు, గట్టు తెగిన నీళ్ళలా. చెప్పుల్లేని కాళ్ళు, మోకాళ్ళ పైకి కట్టిన పంచెలు, నూనె మరకల చొక్కాలు. పని దిగిన మనుషులు కదా, అందరూ ఇంటి దారిలో ఉన్నారు. ఒకడు నడుస్తూనే తలపాగా విప్పి మెడ తుడుచుకున్నాడు. ఇంకొకడు పైగుడ్డలో మూటగట్టుకున్న కూరగాయల్లోంచి ఒక వంకాయ జారి పడితే వంగి తీసుకుని, ఊది, మళ్ళీ మూటలో పెట్టుకున్నాడు. ఇద్దరు ఏదో పోట్లాడుకుంటున్నారు. కెమెరా ముందుకు రాగానే పోట్లాట ఆపి, అదేమిటో చూసి, దాటగానే మళ్ళీ మొదలుపెట్టారు. ఒక ముసలాయన ఆగి, నడుము మీద చేతులు పెట్టుకుని, సూటిగా గణపతిరావు కళ్ళలోకి చూశాడు.

గణపతిరావు కుర్చీలో వెనక్కి జరిగాడు. ఆ ముసలాయన ఎప్పుడో పోయుంటాడు. వంకాయ ఊదుకున్నవాడూ పోయుంటాడు, ఉన్నా ముసలివాడై ఉంటాడు. ఆ రోజు సాయంత్రం వాళ్ళింట్లో ఆ వంకాయ కూర వండుకుని ఉంటారు. ఎవరూ రాసి పెట్టని సంగతి. రాజులవీ లాటుదొరలవీ పుస్తకాల్లో ఉంటాయి గాని, వంకాయ మీద దుమ్ము ఊదుకున్నవాడు ఇక్కడ ఉన్నాడు. గణపతిరావుకు చేతుల మీద రోమాలు నిక్కబొడుచుకున్నాయి. గుడిలో కూడా అతనికి ఎన్నడూ అలా కాలేదు.

తర్వాత గోల్‌బజార్ వచ్చింది, ఎద్దుబండ్లూ గొడుగులూ. పూలదండలు వేసిన కొత్త ఇంజనూ, దాని పక్కన తెల్ల టోపీ దొరలూ వచ్చారు. తోటలో టీ తాగుతున్న దొరసానులు వచ్చారు. ఆ తర్వాత తెర ఒకసారి తెల్లగా వెలిగి, లోకో షెడ్డు కనిపించింది.

షెడ్డులో ఒక ఇంజను నిలబడి ఉంది. దాని వెనక బొగ్గు పోసే టెండరు, టెండరు పక్కన ఎత్తైన గట్టు, గట్టు మీదికి చెక్క మెట్లు. ఆ మెట్ల మీద ఆడవాళ్ళు. తలల మీద బొగ్గు గంపలతో ఒకరి వెనక ఒకరు ఎక్కుతున్నారు, పైన గుమ్మరిస్తున్నారు, ఖాళీ గంపతో అవతలి మెట్ల మీదుగా దిగుతున్నారు. ముక్కు నుంచి మోచేతుల దాకా నలుపు. గోచీ పోసి కట్టిన ముతక చీరలు. గుమ్మరించినప్పుడల్లా లేచే ధూళిలో వాళ్ళు కాసేపు మాయమై మళ్ళీ కనిపిస్తున్నారు.

గణపతిరావు మొహం వేడెక్కింది. అతను ఆ మొహాల కేసి చూడలేదు. మెట్ల కేసే చూశాడు. ఆ మెట్ల సంగతి అతనికి తెలుసు. చిన్నప్పుడు తను తల్లి తలకు నూనె రాస్తుంటే నడినెత్తిన అరచేతంత మేర జుట్టు మొలవని చోటు వేళ్ళకు తగిలేది. గంప కింద పెట్టుకునే చుట్టకుదురు ఒరిసి ఒరిసి అలా అయిందని చెప్పేది. ఆఫీసులో అతని బల్ల చుట్టూ కూర్చునే ఎవరికీ ఆ సంగతి తెలియదు.

దీపాలు వెలిగాక విల్‌ఫ్రెడ్ కిందికి వచ్చాడు.  గేటు ముక్క అద్భుతంగా ఉందని గణపతిరావు చెప్పాడు. దానికి తనే ఇంగ్లీషులో వ్యాఖ్యానం రాసి మైకులో చదువుతానన్నాడు. చివరికి, కుర్చీ సర్దుతూ, బొగ్గు ముక్క తీసేయమన్నాడు.

"మొత్తం రీల్లో శుభ్రంగా మిగిలింది ఆ ముక్కేనండి. ఒక్క గీత పడలేదు," అన్నాడు విల్‌ఫ్రెడ్.

"టైము సరిపోదు. ఆఫీసర్లు ఆడవాళ్ళతో వస్తారు. మన ఆడవాళ్ళు బొగ్గులు మోస్తుంటే చూపించి ఏం చెప్పుకోవాలి మనం?"

"మోశారు కదండీ," అన్నాడు విల్‌ఫ్రెడ్. వాదనకు కాదు, ఉన్న మాట అన్నట్టు అన్నాడు.

గణపతిరావు కిటికీ టార్పాలిన్ ముడి విప్పసాగాడు.  విల్‌ఫ్రెడ్ బల్ల మీద రీలు పెట్టి, దొరసానుల తోట అయిపోయే చోట కత్తెర వేశాడు. లోకో షెడ్డు అయిపోయే చోట ఇంకోసారి వేశాడు. తెగిన చివర బ్లేడుతో గీకి, అతికే మందు పూసి, రెండు కొసలూ కలిపి బొటనవేలితో అదిమి పట్టుకున్నాడు. అది ఆరేదాకా వేలు తీయలేదు. తీసేసిన ముక్కను చుడితే పిడికిలంత అయింది. దాన్ని ఒక చిన్న డబ్బాలో వేసి మూత బిగించాడు.

ఆ సాయంత్రం గణపతిరావు ఇల్లు చేరేసరికి తల్లి జోగమ్మ వంటింటి గుమ్మంలో చేటతో కూర్చుని పప్పులో రాళ్ళు ఏరుతోంది. గణపతిరావు భార్య పిల్లలకు చదువు చెబుతోంది. జోగమ్మకు అరవై దగ్గర పడుతున్నాయి. నడుము వంగలేదు గాని మెడ తిప్పాలంటే భుజాలతో సహా తిప్పాలి. చేట మీంచి కళ్ళెత్తకుండానే, ఇన్‌స్టిట్యూట్‌లో పాత బొమ్మలేవో బయటపడ్డాయటగా అని అడిగింది. పక్క క్వార్టరు చిలకమ్మ చెప్పిందట. ఆమెకు ఇన్‌స్టిట్యూట్ ఊడ్చే మనిషి చెప్పిందట.

అవునన్నాడు గణపతిరావు. గేటు గురించీ బజారు గురించీ చెప్పాడు. వంకాయ సంగతి చెబితే జోగమ్మ నవ్వింది. కాసేపు రాళ్ళు ఏరి, మరి బొగ్గు గట్టు కూడా ఉందా అంది.

అతను చొక్కా గుండీలు విప్పుతున్నవాడల్లా ఆగాడు.

"నువ్వు పుట్టకముందు ఒక దొర వచ్చినాడు నాయినా. మూడు కాళ్ళ పెట్టె తెచ్చి షెడ్లో నిలబెట్టినాడు. పక్కనున్న మర తిప్పుతా ఉన్నాడు, మా వైపే సూత్తా. మేస్త్రీ ముందే సెప్పినాడు, ఎవులూ ఆ పెట్టెకేసి సూడకండి, పని సేసుకోండి, సూత్తే పనిలోంచి తీసేత్తానని. నేను తల దించేసుకున్నాను. భయం నాకు. అప్ప మాత్రం సూసింది. సూసి నవ్వింది కూడాను. దానికి భయం నేదు."

అప్ప అంటే అప్పలకొండ. జోగమ్మకు తోడబుట్టిన అక్క, గణపతిరావును కన్న తల్లి. అతను చంటిబిడ్డగా ఉండగానే కలరాలో పోయింది. తర్వాత జోగమ్మ ఆ ఇంటికి వచ్చి అతన్ని పెంచింది, అతను అమ్మా అని పిలిచింది ఆమెనే. అప్పలకొండకు ఫొటో లేదు. ఆ రోజుల్లో బొగ్గు మోసే మనిషికి ఫొటో ఎవరు తీస్తారు? ఏటా పెద్దలకు పెట్టుకునే రోజున ఒక విస్తరి ఎక్కువ వేయడం తప్ప, అతని లెక్కలో ఆమె ఎప్పుడూ మొహం ఉన్న మనిషి కాదు.

"ఉందా మరి ఆ ముక్క?" అంది జోగమ్మ మళ్ళీ.

చూడాలన్నాడు గణపతిరావు. అన్నం ముందు కూర్చున్నాడు గాని నాలుగు ముద్దలు తినలేకపోయాడు. కళ్ళు మూసుకుంటే మెట్లే కనిపించాయి. ఎంత గుర్తు చేసుకున్నా ఒక్క మొహం కూడా రాలేదు, ఎందుకంటే తను చూడలేదు.

మర్నాడు పొద్దున్నే సైకిలు వేసుకుని చర్చి వెనక ఉన్న విల్‌ఫ్రెడ్ ఇంటికి వెళ్ళాడు. విల్‌ఫ్రెడ్ అరుగు మీద గడ్డం గీసుకుంటున్నాడు. సైకిలు దిగకముందే, ఆ ముక్క ఏం చేశారని గణపతిరావు అడిగాడు. విల్‌ఫ్రెడ్ కత్తి తుడుచుకుని, పెరట్లో నీళ్ళ కుండల నీడన పెట్టిన డబ్బా చూపించాడు.

"ఎక్కడ పడేస్తానండీ? చెత్తలో వేస్తే చెత్తా కాలుద్ది, వాడా కాలుద్ది. చల్లగా ఉంటుందని అక్కడ పెట్టాను."

గణపతిరావు అరుగు మీద కూర్చుండిపోయాడు. విల్‌ఫ్రెడ్ భార్య తెచ్చిన టీ చేతిలో పట్టుకుని, జరిగింది చెప్పాడు. ఎక్కువేమీ చెప్పలేదు. కన్నతల్లి అందులో ఉందేమోనని, పెంచిన తల్లి చూస్తే గుర్తుపడుతుందని మాత్రం చెప్పాడు. విల్‌ఫ్రెడ్ సగం గీసిన గడ్డంతో విన్నాడు. మధ్యాహ్నం అమ్మగారిని తీసుకురండి అన్నాడు.

జోగమ్మ ఉతికిన చీర కట్టుకుని రిక్షాలో వచ్చింది. హాల్లో కుర్చీలు చూసి, వద్దని, తెరకు దగ్గరగా నేల మీదే కాళ్ళు చాపుకుని కూర్చుంది. గణపతిరావు కూడా ఆమె పక్కన నేల మీద కూర్చున్నాడు. ప్యాంటు నలుగుతుందని అప్పుడు తోచలేదు. పైన మోటారు మొదలైంది. గట్టు వచ్చింది, మెట్లు వచ్చాయి, ఆడవాళ్ళు వచ్చారు.

ఈసారి అతను మొహాలే చూశాడు. కాని ఒక్కటీ నిలవలేదు. చీమల్లా గబగబా ఎక్కుతున్నారు, గబగబా దిగుతున్నారు. ముక్క ఇట్టే అయిపోయింది.

జోగమ్మ తెల్లతెర కేసి అలాగే చూస్తూ, అదేటి అంది. "అంత పరుగేటి? తల మీద అంత బరువెట్టుకుని ఎవులు పరిగెడతారు? మేం అలగ నడవనేదు."

ఆ మాట పైకి వినబడింది కాబోలు, విల్‌ఫ్రెడ్ చిన్న కిటికీలోంచి తల బయటికి పెట్టాడు. అప్పట్లో ఆ ఫిల్ము చేత్తో తిప్పి తీసేవారని, ఇప్పటి మోటారు అంతకంటే జోరుగా లాగుతుందని, అందుకే మనుషులు పరిగెడుతున్నట్టు ఉన్నారని చెప్పాడు. కాసేపు ఆలోచించాడు. మోటారు విప్పేసి మిషనును చేత్తో తిప్పి చూస్తానన్నాడు. నెమ్మదిగా తిప్పితే దీపం వేడికి ఫిల్ము అంటుకోవచ్చు. అందుకని వెలుతురు బాగా తగ్గిస్తానని, బొమ్మ మసకగా ఉంటుందని, దగ్గరగా జరగమని చెప్పాడు. ఇసక బాల్చీ ఈడ్చుకున్న చప్పుడూ, గోనెపట్టా తడిపిన చప్పుడూ పైనుంచి వినిపించాయి.

మళ్ళీ గట్టు వచ్చింది. వెన్నెల్లో ఉన్నట్టు, మసకగా. మిషను ఇప్పుడు టకటకమనడం లేదు, కుట్టుమిషను నెమ్మదిగా నడిచినట్టు నడుస్తోంది. ఆ నడకకు ఆడవాళ్ళు నడిచారు.

బరువు తెలిసింది. ఒక్కో మెట్టు మీద కాలు ఆనడం, మోకాలు ఒకసారి వణికి నిలదొక్కుకోవడం, మెడ నరాలు బిగియడం, గంప అంచు మీద చేతి వేళ్ళు సర్దుకోవడం, అన్నీ తెలిశాయి. పైన నిలబడి నడుము ఒక పక్కకు విరిచి గంప వంచితే బొగ్గు జారడం, ఆ క్షణాన వాళ్ళ భుజాలు తేలికపడి కొంచెం పైకి లేవడం కనిపించింది. దిగేటప్పుడు ఒకామె ముందున్నామె చీరకంటిన బొగ్గుపొడి దులిపింది. ఒకామె రొమ్ము కుడుస్తున్న బిడ్డను గట్టు పక్కన నీడలో కూర్చున్న ముసలిదానికి అందించి గంప ఎత్తుకుంది.  రోజూ ఇలాగే జరిగింది. ఎన్ని వేల రైళ్ళు ఈ ఊరు దాటి మద్రాసుకూ బొంబాయికీ వెళ్ళాయో, అన్నింటి కిందా ఈ నడక ఉంది.

జోగమ్మ పెదవులు కదలడం మొదలుపెట్టాయి. ముందు చప్పుడు లేదు. తర్వాత వినిపించింది.

"అది సింహాచలం. దాని యెనకాల మన చిలకమ్మకి అత్త. ఎస్తేరు. ఆ పొట్టిదాని పేరేటో... పాపమ్మ. పోయింది అది, గట్టు మీంచి పడి. ఇదిగో, ఈవిడ మా అందరికంటే పెద్దది, మాకు చుట్ట పంచేది."

అంతలో మెట్ల మీదుగా ఇద్దరు కలిసి దిగారు. ఖాళీ గంపలు, ఒకే రకం ముతక చీరలు, ఒకే ఎత్తు. మొహాలు నల్లగా మెరుస్తున్నాయి. కెమెరా దగ్గరికి వచ్చేసరికి ఒకామె రెండో ఆమెను మోచేత్తో పొడిచింది. ఇద్దరూ ఒక్కసారే తలలెత్తి ఇటు చూశారు. ఇద్దరూ నవ్వారు. నల్లని మొహాల్లో పళ్ళు తెల్లగా వెలిగాయి.

జోగమ్మ మాట ఆగిపోయింది. ముక్క అయిపోయింది.

గణపతిరావు ఆగలేకపోయాడు. "అమ్మా, ఆ ఇద్దరిలో..."

ఇంకోసారి అంది జోగమ్మ. విల్‌ఫ్రెడ్ ఫిల్ము వెనక్కి చుట్టి ఇంకోసారి తిప్పాడు. ఈసారి ఆమె లేచి, తెర దగ్గరకంటా వెళ్ళి నిలబడింది. ఆ ఇద్దరూ దిగి వచ్చినప్పుడు వాళ్ళ వెలుతురు ఆమె చీర మీద పడింది. మూడోసారి అడగడానికి ఆమె మొహమాటపడితే, విల్‌ఫ్రెడ్ తనే పైనుంచి, ఇదే ఆఖరు, వేడెక్కిపోతోంది అని చెప్పి మళ్ళీ వేశాడు.

దీపాలు వెలిగాక ఆమె వచ్చి కొడుకు పక్కన కూర్చుంది.

"ఒకర్తి అప్ప, ఒకర్తిని నేను. మేం ఇద్దరమే జతగా దిగేవోళ్ళం. ఏది ఎవులో నాకు తెల్డం నేదు నాయినా."

"నువ్వు తల దించుకున్నానన్నావు కదమ్మా."

"దించుకున్నాననే అనుకున్నాను ఇన్నాళ్ళూ. ఇద్దరూ తలెత్తే ఉన్నారు. నేనూ సూసినాను. నేనూ నవ్వినాను." ఆమె తన మోకాళ్ళ కేసి చూసుకుంది. "అప్ప మొకం మరిసిపోనేదనుకున్నాను. ఈ పిల్లని సూత్తే అప్పే అనిపిస్తంది. ఆ పిల్లని సూత్తే అదీ అప్పే. నా మొకం ఎలగుండేదో నాకేం తెలుసు? అద్దం ఎక్కడిది మాకు?"

 గణపతిరావు ఒక్క మొహం దొరుకుతుందని వచ్చాడు. దాని ముందు ఏడుస్తానేమోనని జేబులో రుమాలు కూడా పెట్టుకున్నాడు. ఇప్పుడు ఇద్దరు అమ్మాయిలు, పద్దెనిమిదేళ్ళు కూడా నిండనివాళ్ళు, అతని పెద్దకూతురి కంటే కాస్త పెద్దవాళ్ళు, నవ్వుతూ అతని కేసి చూశారు. వాళ్ళలో ఒకామె అతన్ని కని వెళ్ళిపోబోతోంది. ఒకామె అతన్ని ఎత్తుకుని మిగిలిపోబోతోంది. ఆ సంగతి ఇద్దరికీ తెలియదు. ఎవరు ఎవరైనా కావచ్చు. జోగమ్మ స్థానంలో అప్పలకొండ ఇప్పుడు అతని పక్కన కూర్చుని ఉండవచ్చు, జోగమ్మకు ఏటా విస్తరి వేస్తూ ఉండవచ్చు. అతను మొదటిసారిగా పక్కనున్న మనిషి మొహంలోకి, ఒక కొత్త మనిషిని చూసినట్టు చూశాడు. ముడతల కింద, పీక్కుపోయిన బుగ్గల కింద, ఆ నవ్వు ఎక్కడుందా అని వెతికాడు.

"అప్ప కనిపిస్తే గుర్తుపడతానని వచ్చినాను," అంది జోగమ్మ లేస్తూ. "నేను కనిపిస్తానని అనుకోనేదు."

శనివారం పొద్దున విల్‌ఫ్రెడ్ ముక్కను తిరిగి దాని చోట అతికాడు. గణపతిరావు పక్కనే నిలబడి దీపం పట్టుకున్నాడు. గురువారం నాడు అతికిన చోటే మళ్ళీ కత్తెర వేసి, గీకి, మందు పూసి, ఈసారి రెండు అతుకులు వేయాల్సి వచ్చింది. ఆదివారం మొత్తం రీలు చేత్తోనే తిప్పుతానన్నాడు విల్‌ఫ్రెడ్. అంతసేపు చెయ్యి నిలుస్తుందా అని గణపతిరావు అడిగితే, ఆ దొర తిప్పగా లేనిది నేను తిప్పలేనా అన్నాడు. బొమ్మ మసకగా ఉంటుందని మాత్రం ముందే ఆఫీసర్లకు చెప్పి ఉంచమన్నాడు.

కమిటీ అధ్యక్షుడైన బెంగాలీ ఆఫీసరు కార్యక్రమం నిడివి ఎక్కువైందన్నాడు. గణపతిరావు తను చదవాల్సిన కార్యదర్శి నివేదిక తీసేశాడు. ఆయన ఠీక్ హై అని ఇంకో కాగితం అందుకున్నాడు. బొగ్గు ముక్క గురించి గణపతిరావు చెప్పలేదు, ఆయన అడగలేదు. ఆ రాత్రి వ్యాఖ్యానంలో ఆ చోటికి నాలుగు వాక్యాలు రాద్దామని కూర్చున్నాడు. ఇంగ్లీషులో రాస్తే అబద్ధంలా ఉంది, హిందీలో రాస్తే ఉపన్యాసంలా ఉంది. కలం మూసేసి పడుకున్నాడు.

ఆదివారం సాయంత్రం హాలు నిండిపోయింది. ముందు సోఫాల్లో ఆఫీసర్లూ వాళ్ళ భార్యలూ, వెనక కుర్చీల్లో గుమాస్తాలూ, ఆ వెనక జంపఖానాల మీద వర్క్‌షాపు మనుషులూ పిల్లలూ. పక్క గుమ్మం దగ్గర ముసలమ్మలు ఒక గుంపుగా కూర్చున్నారు. జోగమ్మ ఏం చెప్పిందో, ఎవరెవరికి చెప్పిందో, ఇటు ట్రాఫిక్ అనే పేట నుంచీ అటు సుభాష్‌పల్లి నుంచీ కూడా నడవగలిగినవాళ్ళంతా వచ్చారు. ఎస్తేరమ్మను మనవడు సైకిలు వెనక కూర్చోబెట్టి తెచ్చాడు.

పాటలయ్యాయి, నాటిక అయింది. దీపాలు ఆర్పారు. గణపతిరావు తెర పక్కన మైకు ముందు నిలబడి, చిన్న టార్చి వెలుగులో చదవడం మొదలుపెట్టాడు. గేటు వచ్చింది. విల్‌ఫ్రెడ్ చేతి వేగానికి జనం తమ నడకతో తాము బయటికి వచ్చారు.  వంకాయ ఊదుకున్నప్పుడు పిల్లలు నవ్వారు. బజారు వచ్చింది, ఇంజను వచ్చింది, ఏ టోపీ దొర ఎవరో గణపతిరావు చదివాడు, ఆఫీసర్లు చప్పట్లు కొట్టారు. దొరసానుల తోట అయిపోయింది.

గట్టు వచ్చింది. గణపతిరావు దగ్గర కాగితం అయిపోయింది. టార్చి ఆర్పేశాడు.

మైకు చెడిపోయిందనుకుని ముందు వరసలో బెంగాలీ ఆఫీసరు అటు తిరిగి చూశాడు.  ఆడవాళ్ళు ఒక్కొక్క మెట్టే ఎక్కుతున్నారు. బొగ్గు జారుతోంది, ధూళి లేస్తోంది, ఏ చప్పుడూ లేదు. హాల్లో ఎవరూ కదలడం లేదు.

అప్పుడు పక్క గుమ్మం దగ్గర నుంచి ఒక గొంతు, గట్టిగా కాదు, సింహాచలం అంది. ఇంకో గొంతు, అది మా అత్త అంది. పాపమ్మ అన్నారు ఎవరో. ఎస్తేరమ్మ తనను తాను చూసుకుని, తన పేరు తనే చెప్పింది. పేర్లు ఒకటొకటిగా చీకట్లో లేచాయి, ఒక గొంతు ఆగితే ఇంకొకటి అందుకుంది. వెనక జంపఖానాల మీద మగవాళ్ళు కొందరు లేచి నిలబడ్డారు. తమ తల్లి పేరో నాయనమ్మ పేరో విన్నవాళ్ళు అలాగే నిలబడిపోయారు. ముందు వరసలో ఆఫీసరు భార్య, ఏమంటున్నారని భర్తను బెంగాలీలో అడిగింది. పేర్లు, అన్నాడాయన. ఆ తర్వాత ఆయన తెర మీంచి చూపు తిప్పలేదు.

ఇద్దరు కలిసి మెట్లు దిగారు. ఖాళీ గంపలు, ఒకే రకం చీరలు. ఒకామె రెండో ఆమెను మోచేత్తో పొడిచింది. తలలెత్తారు. నవ్వారు.

ముసలమ్మల గొంతులు తడబడ్డాయి. "ఆ ఇద్దరూ ఎవులే?" అని చిలకమ్మ అడగడం గణపతిరావుకు వినిపించింది. జోగమ్మ జవాబు చెప్పలేదు. ఆమె ఎక్కడ కూర్చుందో చీకట్లో అతనికి కనబడలేదు.

గణపతిరావు మైకు దగ్గరకు జరిగాడు.

"మా అమ్మలు," అన్నాడు తెలుగులో.

ఏది ఎవరని ఎవరూ అడగలేదు. ఇద్దరూ కెమెరా పక్క నుంచి నడిచి, గంపలు నడుముకు ఆనించుకుని, తెర అంచు దాటి వెళ్ళిపోయారు. వాళ్ళ వెనక ఇంకో ఆమె నిండు గంపతో మొదటి మెట్టు మీద కాలు పెట్టింది. గుమ్మం దగ్గర ఎవరో అప్పటికే ఆమె పేరు చెబుతున్నారు.